అన్న వేటకి వెళ్లని ఏడాది

మా షాపుకి వచ్చేవాళ్లలో సగంమంది ఒకే మాట అడుగుతారు. "మేడమ్, నాది ఏటయిందో సూడండి." పింఛను ఏమైందో, పట్టా ఏమైందో, పిల్లకి హాస్టల్లో సీటు ఏమైందో. అరకులో రైల్వే స్టేషన్‌కి వెళ్లే రోడ్డు మీద ఒక చిన్న గది నాది. ఒక కంప్యూటరు, ఒక జిరాక్సు మిషను, మబ్బు పడితే చాలు మూర్ఛపోయే ఇంటర్నెట్టు. వాళ్లిచ్చిన చీటీలో నంబరు చూసి కొడతాను. తెర మీద వచ్చిన ఇంగ్లిషు ముక్కని తెలుగులో చెబుతాను. మంచి మాటైతే గట్టిగా, చెడ్డమాటైతే మెల్లిగా. డిగ్రీ చదివింది ఇందుకేనా అని ఒక్కోసారి ఒళ్లు మండుతుంది. అంతలో ఎవరో ముసలమ్మ కొంగుముడి విప్పి చీటీ తీస్తుంది, నా కోపం అక్కడితో సరి.

మా అన్న కూడా ఒక చలికాలం పొద్దున అలాగే వచ్చి కౌంటరు ముందు నిలబడ్డాడు. యూనిఫాంలోనే వచ్చాడు. లేత నీలం చొక్కా, భుజం మీద కంపెనీ గుర్తు కుట్టిన గుడ్డముక్క, జేబుకి ఎర్రతాడుతో విజిలు. ఆ చొక్కాని ఇత్తడి చెంబులో నిప్పులు పోసి తనే ఇస్త్రీ చేసుకునేవాడు. మా కొండల్లో పుట్టినవాడు చొక్కాకి మడత నలగకుండా బతకడమేమిటని నేను ఏడిపించేదాన్ని. నవ్వేవాడే కానీ ఇస్త్రీ మానేవాడు కాదు. వెదురు కాటేజీలున్న ఒక రిసార్టు గేటు దగ్గర కొన్నేళ్లుగా అతనే కాపలా.

"సెల్లీ, నా లైసెన్సు సూడాలంట. కంపెనీ వోలు సెప్పినారు. బేగి సూడు, గేటు కాడ తోటమాలిని నిలబెట్టి వొచ్చినాను" అన్నాడు.

గేటు దగ్గర కర్ర పట్టుకుని నిలబడటానికి కూడా సర్కారు లెక్కలున్నాయని చాలామందికి తెలియదు. సెక్యూరిటీ కంపెనీకి రాష్ట్రం ఇచ్చే లైసెన్సు ఉండాలి. దాని కింద పనిచేసే ప్రతి గార్డుకీ ట్రైనింగు సర్టిఫికెట్టు, పోలీసు వెరిఫికేషనూ ఉండాలి. మావాళ్లు అన్నిటినీ కలిపి లైసెన్సనే అంటారు. కంపెనీ ఆ గార్డుల వివరాలన్నీ పోలీసులకి మళ్లీ కొత్తగా పంపిందట, ఎవరిది సరిగ్గా ఉందో వాళ్లనే ఉంచుతారట.

సర్కారు సైటు తెరిచి అన్న నంబరు కొట్టాను. ట్రైనింగు ఎదురుగా పచ్చగా టిక్కు వచ్చింది. వెరిఫికేషన్ ఎదురుగా ఎర్రగా ఒక ఇంగ్లిషు మాట వచ్చింది. ఈ మనిషి గురించి పోలీసుల దగ్గర చెడ్డ సమాచారం ఉందని దాని అర్థం. రోజూ పదిమందికి తెలుగు చేసి చెప్పే నేను ఆ రోజు తెర పక్కకి తిప్పేశాను.

"సర్వరు పనిచేయడం లేదు" అన్నాను.

"నీ సర్వరు నిలబడిందెప్పుడు గనక? నాను పొద్దస్తమానం నిలబడతన్నాను, దానికేటి రోగం?" అని నవ్వుకుంటూ వెళ్లిపోయాడు.

ఆ సాయంత్రం షాపు మూసేసి పోలీసు స్టేషన్‌కి వెళ్లాను. జిరాక్సుల కోసం నా దగ్గరికి వచ్చే కానిస్టేబులు ఒకాయన కనుక్కుని చెప్పాడు. "అడవి కేసు ఉందమ్మా. ఇటుకల పండక్కి వేటకెళ్లారు కదా, కొండగొర్రెని చంపిన కేసు. అందులో మీ అన్న పేరుంది."

నాకు నవ్వొచ్చింది, నిజంగా నవ్వాను. మా అన్న వేటకి వెళ్లాడా? వెళ్లి ఉంటే మా ఇంట్లో అంత దిగులెందుకు?

ఇటుకల పండగ గురించి రెండు ముక్కలు చెప్పాలి. చైత్రంలో, విత్తనాలు జల్లేముందు వస్తుంది. ప్రతి ఇంటివాళ్లూ చోళ్లు, సామలు, కందులు బుట్టలో పోసి ఊరి దేవత ముందు పెడతారు. మగవాళ్లంతా వేటకి కొండెక్కుతారు. ఉత్త చేతులతో దిగివస్తే ఊరి మొగలో ఆడవాళ్లు కుండలతో పేడనీళ్లు పట్టుకుని కాచుకుని ఉంటారు. తిట్టి, పాటలు కట్టి వెక్కిరించి, నెత్తిమీద కుమ్మరిస్తారు. బయటివాళ్లకి అది అవమానంలా కనిపిస్తుంది. మాకు కాదు. వెళ్లినవాడికే కదా పేడనీళ్లు. వెళ్లనివాడి వంక ఎవరూ చూడరు. మగవాడు వేటకి వెళ్లని ఇంటి విత్తనాల బుట్టని మా ఊళ్లో పూజకి ఆఖరున ఎత్తుతారు. ఈ రోజుల్లో అడవిలో జంతువూ లేదు, చంపడానికి చట్టమూ ఒప్పుకోదు. చాలామంది ఊరికే తిరిగి వస్తారు. అయినా వెళ్లడం మాత్రం వెళ్లాలి.

మా నాన్న పోయాక ఇంట్లో మగవాడు అన్న ఒక్కడే. పండగ వచ్చేసరికి అరకులో టూరిస్టుల బస్సులు ఒకదాని వెనక ఒకటి దిగుతుంటాయి, గేటు వదలడానికి లేదు. సెలవు అడిగిన ప్రతిసారీ కంపెనీ సూపర్‌వైజరు "పండగలు మాకూ ఉన్నాయి" అనేవాడు. ఏటేటా మా అమ్మ బుట్ట ఆఖరునే ఉండేది. అమ్మ ఆ సంగతి మాతో ఎప్పుడూ అనలేదు. మేము అడగలేదు.

మర్నాడే ఊరికి వెళ్లాను. అమ్మ వాకిట్లో కాఫీ పళ్లు ఎండబోసి కాలితో తిరగేస్తోంది. కేసు సంగతి ఎత్తకుండా, "నిరుడు పండక్కి అన్న వచ్చాడా అమ్మా?" అని మాత్రం అడిగాను.

అమ్మ చుట్టూ చూసి గొంతు తగ్గించింది. "రానేదు. గానీ వొచ్చినాడనే సెప్పినాను. టౌను కాడ నుంచి తిన్నగా కొండెక్కీసి మనోలతో కలిసినాడని ఊట కాడ ఆడోలందరికీ సెప్పినాను. ఆ యేడు మన బుట్ట ముందలే ఎత్తినారే గుంటా!"

ఆ మాట అంటున్నప్పుడు అమ్మ మొహం వెలిగిపోయింది. నేను వెళ్లి గట్టుమీద కూర్చున్నాను.

మిగతాదంతా తనే చెప్పింది. ఆ ఏడు మా ఊరి కుర్రాళ్లకి కొండగొర్రె దొరికింది, జింక జాతిది. ఎవడో బుద్ధి లేనివాడు దాని పక్కన నిలబడి ఫోటో తీసి ఫోన్లో అందరూ చూసేలా పెట్టాడు. నాలుగు రోజులకి ఫారెస్టువాళ్ల జీపు వచ్చింది. ఆడవాళ్లని రచ్చ దగ్గర నిలబెట్టి, ఏ ఇంటి నుంచి ఎవరు వేటకెళ్లారో చెప్పమన్నారు. ఆడవాళ్లంతా ఒకటే పాట. మా ఇంట మగోలు నేరు బాబూ, కూలికి ఎల్లిపోనారు. అలా అంటూ అంటూ అమ్మ వంతు వచ్చింది.

అమ్మ పక్కన నిలబడింది ఎవరు? ఊట దగ్గర ఆ మాట విన్నవాళ్లే. బుట్ట ముందు ఎత్తినవాళ్లే. వాళ్ల ఎదుట నా కొడుకు వెళ్లలేదని ఎలా అంటుంది? "నా కొడుకు ఎల్లినాడు" అంది. పేరు చెప్పింది, తండ్రి పేరు చెప్పింది, చూపించిన చోట వేలిముద్ర వేసింది. ఫోటోలో మొహాలు పడ్డ ఇద్దరి పేర్లూ, మా అన్న పేరూ రాసుకుని జీపు వెళ్లిపోయింది. దాన్నే కేసంటారని అమ్మకి తెలియదు. వెళ్లిన కొడుకుల్ని తల్లులందరూ దాచుకున్నారు. వెళ్లని కొడుకుని మా అమ్మ ఒక్కతే అప్పగించింది.

తిట్టాలని నోటిదాకా వచ్చింది. అమ్మ వంగి కాఫీ పళ్లలో ఆకులు ఏరుతోంది. నేనూ కూర్చుని ఏరాను. కేసు గురించి ఏమీ చెప్పకుండానే కొండ దిగాను.

అన్నకి మాత్రం చెప్పక తప్పలేదు. షాపులో స్టూలు మీద కూర్చుని అంతా విన్నాడు. ముందు పొట్ట పట్టుకుని నవ్వాడు. తర్వాత టోపీ తీసి మోకాలి మీద పెట్టుకుని దాని అంచు నిమిరాడు.

"అమ్మకి సెప్పకు" అన్నాడు.

నాకు దారి సులువుగానే కనిపించింది. పండగ రోజున అన్న గేటు దగ్గర డ్యూటీలో ఉన్నాడని కంపెనీ ఒక కాగితం ఇస్తే చాలు. ఇద్దరం విశాఖపట్నం వెళ్లి ఆఫీసులో సూపర్‌వైజరుని కలిశాం. ఆయన మా మొహాలు చూడకుండానే, "ఆ నెల నువ్వు మా దగ్గర చేయలేదు కదా" అన్నాడు.

"అదేటి సార్, మీరే కదా సెలవు ఇవ్వనన్నారు?" అన్నాడు అన్న.

"ఆ నెల మావాళ్లెవరూ అక్కడ లేరు" అన్నాడాయన. రిసార్టు మేనేజరుని అడిగితే గార్డుల సంగతంతా కంపెనీదే, మాకు సంబంధం లేదని చేతులు దులిపేసుకున్నాడు.

నాకు అర్థం కాలేదు. షాపుకి వచ్చి ఈసారి అన్న నంబరు కాదు, కంపెనీ పేరు కొట్టాను. లైసెన్సు ఎప్పటి నుంచి ఎప్పటి దాకా ఉందో వచ్చింది. పాతది మాఘంలోనే అయిపోయింది. కొత్తది వానలు మొదలయ్యాక ఇచ్చారు. మధ్యలో చైత్రం, మధ్యలో మా పండగ. ఆ రోజుల్లో గార్డుని నిలబెట్టామని రాసిస్తే లైసెన్సు లేకుండా కంపెనీ నడిపామని ఒప్పుకున్నట్టే. అందుకని వాళ్లు ఆ గేటునే ఖాళీ చేసేశారు. గేటు దగ్గర లేడు కనుక మా అన్న కొండ మీద ఉన్నట్టే లెక్క.

నా కోపానికి పట్టపగ్గాలు లేవు. ఆ ఎండలో టూరిస్టులు గేటు ముందు ఫోటోల మీద ఫోటోలు తీసుకుని ఉంటారు. వాటిలో వెనకెక్కడో మా అన్న కర్ర పట్టుకుని నిలబడే ఉంటాడు. ఏ ఊళ్లో, ఎవరి ఫోన్లో ఉన్నాడని వెతకను? కంపెనీ మీద పైకి ఫిర్యాదు పెడతానని టైపు కూడా చేశాను. అన్న నా చెయ్యి పట్టుకుని ఆపాడు.

"వొద్దు. ఇక్కడ గేట్ల కాడ నిలబడినోలంతా మన కొండోలే. కంపెనీ మూసేత్తే ఆలేటి తింతారు?"

"మరి నువ్వేటి తింటావు?" అని అరిచాను. కోపం వస్తే నా తెలుగు కూడా కొండెక్కేస్తుంది.

ఇక మిగిలింది అమ్మ ఒక్కతే. నా కొడుకు వేటకి వెళ్లలేదు, నేనే అబద్ధం చెప్పాను అని అమ్మ చెబితే ఏమైనా వింటారేమో. ఆ మాట అనగానే అన్న లేచి నిలబడ్డాడు. "ఊరి ఆడోల ముందల అమ్మ సిన్నబోవాలా? నా వల్ల కాదు. ఇన్నేళ్లలో నాను పండక్కి ఎల్నేదు. కాయితం మీదైనా ఒక్క యేడు ఎల్లినాను, ఉండనీ."

ఆ మాటకి నాకు దుఃఖం ఆగలేదు. కౌంటరు కింద ఏదో వెతుకుతున్నట్టు వంగి ఏడ్చాను. ఆ వారంలోనే అన్నని పనిలోంచి తీసేశారు. టోపీ, బెల్టు, విజిలు తీసుకున్నారు. భుజం మీద గుడ్డముక్కని అక్కడే కుట్లు విప్పించి తీసుకున్నారు. చొక్కా, కర్ర తనవి కనుక వదిలేశారు.

అన్న ఊరికి వెళ్లకుండా, అరకులోనే ఇటుక బట్టీ పని, లోడింగు పని చేసుకుంటూ దాచాలని చూశాడు. ఇలాంటివి దాగుతాయా? ఇంకో గార్డు తల్లి మా ఊరిదే. ఊట దగ్గర ఆమె ద్వారా అమ్మకి తెలిసింది. ఒకరోజు నేను షట్టరు ఎత్తేసరికి మెట్టుమీద అమ్మ కూర్చుని ఉంది. పెళ్లిళ్లకి కట్టే చీర కట్టుకుంది.

"పద" అంది.

"ఎక్కడికి?"

"నాను అబద్దం సెప్పినోల ఆఫీసుకి."

ఆ ఫారెస్టు ఆఫీసరు చెడ్డవాడని అనను. అమ్మకి కుర్చీ వేయించాడు, మంచినీళ్లు ఇప్పించాడు. అమ్మ కూర్చోలేదు. నిలబడే, ఊట దగ్గర తను చెప్పిన అబద్ధం నుంచి రచ్చ దగ్గర చెప్పిన అబద్ధం దాకా ఒక్కటి కూడా దాచకుండా చెప్పింది. బుట్ట సంగతీ చెప్పింది. నేను గోడకున్న పులి బొమ్మ వంక చూస్తూ నిలబడ్డాను.

అంతా విని ఆయన, "అమ్మా, కొడుకు మీద కేసుంటే ఏ తల్లైనా ఇలాగే చెబుతుంది. ఊరందరి ముందూ మీరే చెప్పారు, వేలిముద్ర వేశారు. ఇప్పుడు ఇంట్లో ఆలోచించుకుని వచ్చి కాదంటే నేనేం చేయను? కోర్టులో తేలాల్సిందే" అన్నాడు.

"అబద్దం ఆడితే రాసుకున్నారు బాబూ. నిజం సెప్తన్నాను, రాసుకోరా?" అంది అమ్మ.

ఆయన రాసుకున్నాడు కూడా. ఆ కాగితం దేనికీ పనికిరాదని నాకు తెలుస్తూనే ఉంది. అమ్మ నాతో బస్టాండు దాకా నడిచింది. అక్కడ ఆగి, "ఏటన్నాడు?" అని నన్నడిగింది. ఆయన మాట్లాడింది తెలుగే, అమ్మ విన్నది తెలుగే. అయినా నేను మళ్లీ చెప్పాను, మెల్లిగా.

ఊరికి వెళ్లి అమ్మ ఆడవాళ్లందరికీ కూడా చెప్పేసింది, కొడుకు వేటకి వెళ్లలేదు, ఉత్తినే అన్నానని. ఎవరూ నవ్వలేదట. ఒకామె చేటెడు చోళ్లు తెచ్చి ఇచ్చిందట. నవ్వి ఉంటే బాగుండేదని అమ్మ నాతో అంది. జాలి పడేసరికి తట్టుకోలేకపోయింది.

చైత్రం మళ్లీ వచ్చింది. అన్న ఒక గుంపుతో కేరళ వైపు పనికి వెళ్లడానికి మాట ఇచ్చేశాడు. వెళ్లేముందు పండక్కి ఊరికి వచ్చాడు, వేటకి బయల్దేరాడు. నాకు భయం పట్టుకుంది. ఉన్న కేసు చాలదా అని అడ్డం నిలబడ్డాను.

"ఎల్లకపోతేనే కేసెట్టినారు. ఎల్తే ఇంకేటి సేత్తారు?" అన్నాడు. వేటకి ఏం పట్టుకెళ్లాడంటే, గేటు దగ్గర పట్టుకునే కర్ర. ఒంటిమీద ఆ నీలం చొక్కాయే. భుజం దగ్గర గుడ్డముక్క విప్పినచోట నలుచదరంగా రంగు వెలిసిపోకుండా ఉంది.

సాయంత్రానికి మగవాళ్లు దిగారు. ఎవరి చేతుల్లోనూ ఏమీ లేదు. ఆడవాళ్లు కుండలెత్తారు, తిట్లు, పాటలు, నవ్వులు. ఒక్కొక్కడి నెత్తినా పేడనీళ్లు పడుతుంటే పిల్లలు గెంతుతున్నారు. అన్న ఆఖరున వచ్చాడు. అతన్ని చూడగానే పాట ఆగిపోయింది. ఎత్తిన కుండలు ఎత్తినట్టే దించేశారు. పాపం, ఉద్యోగం పోయినవాడు, ఊరొదిలి వెళ్లిపోతున్నవాడు అని అందరి మొహాల్లోనూ ఉంది. కొందరు పక్కకి జరిగి దారి కూడా ఇచ్చారు. అన్న కదల్లేదు. చుట్టూ నేలంతా తడిసింది, అతను ఒక్కడే పొడిగా నిలబడి ఉన్నాడు. ఆ మొహం చూడలేక నేను తల తిప్పుకున్నాను.

అప్పుడు అమ్మ వెనకనుంచి వచ్చింది. ఎవరి చేతిలోదో కుండ లాక్కుంది.

"ఏట్రా, ఉత్త సేతుల్తో దిగినావు? సిగ్గు నేదా? పెద్ద మొనగాడివని కొండెక్కినావు, నీకు ఎలక కూడా దొరకనేదా?" అని గొంతు చించుకుని తిడుతూ నిండు కుండ అతని నెత్తిన కుమ్మరించింది.

అన్న తల వంచాడు. పేడనీళ్లు జుట్టులోంచి, కళ్లమీంచి, ఇస్త్రీ మడతలమీంచి కారుతున్నాయి. అతను నవ్వుతున్నాడు. అమ్మ తిడుతూనే ఉంది, తిడుతూ తిడుతూ ఏడుపు వచ్చేసి ఆ తడిచొక్కా పట్టుకుని వేలాడిపోయింది. అప్పుడు మిగతా ఆడవాళ్లు కూడా కుండలెత్తారు. ఇద్దరి మీదా పోశారు.

అన్న ఆ మర్నాడే రైలెక్కాడు. ఏడాది దాటిపోయింది, రాలేదు. కేసు కోర్టులో పిలుపుకి కూడా రాలేదు.

సంత రోజున అమ్మ మిరియాలు అమ్ముకుని నా షాపుకి వస్తుంది. జనం ఉంటే బయట మెట్టుమీద కూర్చుంటుంది. ముందు నీదే చూస్తాను రా అమ్మా అంటే రాదు. "ఆలయిపోనీ. మనది ఆఖరునే కదా" అంటుంది. అందరూ వెళ్లిపోయాక లోపలికి వచ్చి కౌంటరు ముందు నిలబడుతుంది. "నా కొడుకుది ఏటయిందో సూడు" అంటుంది. నేను నంబరు కొడతాను. తెర మీద అదే మాట వస్తుంది. చెప్పడానికి నేను నోరు తెరిచేలోగా అమ్మ సంచి భుజానికి తగిలించుకుని, బస్సు ఉందో లేదో అనుకుంటూ మెట్లు దిగిపోతుంది.